డిటెన్షన్‌లో ఉన్న తమ్ముణ్ణి వెతకడం ఎలా? మాకు జరిగింది చెప్తాను

మీ తమ్ముణ్ణి అమెరికాలో ఇమిగ్రేషన్ వాళ్లు తీసుకెళ్లి మూడు రోజులైందని, ఎక్కడ పెట్టారో తెలియడం లేదని రాశారు. మా బాబాయి కొడుకు విషయంలో మేమూ ఇలాగే అల్లాడిపోయాం.

ముందు అతని ‘A-నంబర్’ సంపాదించండి, అంటే ఇమిగ్రేషన్ వాళ్లు అతనికి ఇచ్చిన ఫైలు నంబర్. వర్క్ పర్మిట్ కార్డు ఉంటే దాని మీద యూఎస్‌సీఐఎస్ (USCIS) నంబర్ అని ఉంటుంది, అదే. ఇలా పట్టుకెళ్లే ఇమిగ్రేషన్ విభాగం ‘ఐస్’ (ICE). దాని వెబ్‌సైట్‌లో లోపలున్నవాళ్లని వెతికే డిటైనీ లొకేటర్ ఉంది. ఆ నంబరూ పుట్టిన దేశమూ ఇస్తే ఏ సెంటర్లో ఉన్నాడో చూపిస్తుంది. నంబర్ లేకపోతే పేరుతో వెతకొచ్చు గానీ, మనవాళ్లకి అక్కడే చిక్కు. ఇంటిపేరు ఒకచోట ముందుంటుంది, ఒకచోట వెనక. పేరు తిరగేసి కొట్టాక గానీ మావాడు దొరకలేదు. దొరికాక కూడా రోజూ చూస్తూ ఉండండి. మావాణ్ణి మాకు చెప్పకుండానే ఇంకో రాష్ట్రానికి మార్చేశారు.

ఇది సివిల్ వ్యవహారం, క్రిమినల్ కేసు కాదు. అందుకే ప్రభుత్వం లాయర్‌ని ఇవ్వదు, మీరే పెట్టుకోవాలి. లాయర్ చూడందే ఏ కాగితం మీదా సంతకం పెట్టొద్దని తమ్ముడికి గట్టిగా చెప్పండి. వాలంటరీ డిపార్చర్‌కి, అంటే తనంతట తానే దేశం వదిలి వెళ్లడానికి, కోర్టు ఒప్పుకుని, అతను గడువులోగా వెళ్లిపోతే రిమూవల్ ఆర్డర్ (దేశం నుంచి పంపేసే ఉత్తర్వు) పడదు. ఆ ఆర్డర్ పడితే మాత్రం రకాన్ని బట్టి 5 ఏళ్లో 10 ఏళ్లో మళ్లీ రానివ్వరు. డబ్బు కట్టి బయటికొచ్చే బాండ్ అందరికీ రాదు. జడ్జి ఇస్తే కనీసం 1,500 డాలర్లు. మన కాన్సులేట్‌కి కబురు చేయమని అడిగే హక్కు 1963 వియన్నా ఒప్పందం ప్రకారం అతనికి ఉంది, కానీ తనే నోరు తెరిచి అడగాలి.

దయచేసి దాచిపెట్టకండి. 2019 జనవరిలో ఫార్మింగ్టన్ యూనివర్సిటీ కేసులో 129 మంది భారతీయ విద్యార్థులని పట్టుకున్నారు, వాళ్లలో ఎక్కువమంది తెలుగువాళ్లే. అది నకిలీ యూనివర్సిటీ, వల పన్నడానికి దాన్ని నడిపింది అమెరికా ప్రభుత్వ అధికారులే. లోపల ఉన్నంత మాత్రాన నేరస్థుడైపోడు. మా పిన్ని పరువు పోతుందని వారం రోజులు ఎవరికీ చెప్పలేదు, ఆ వారమంతా లాయర్ లేకుండానే గడిచింది.

నేను చూడ్డానికి వెళ్తే వాడు కేసు సంగతి ఎత్తలేదు. పదకొండు రోజులుగా తెలుగు వినలేదట, “ఏదో ఒకటి మాట్లాడు అన్నా” అన్నాడు. ఆరేళ్లు అక్కడ పనిచేసి పన్ను కట్టినవాడు. బయటికొచ్చాక చెత్త పారేయడానికి వెళ్లినా జేబులో పాస్‌పోర్టు పెట్టుకునే వెళ్తున్నాడు.

ఇంకొకటి. లోపలికి మీరు ఫోన్ చేయలేరు, అతనే చేయాలి. తెలియని నంబర్ నుంచి వస్తుంది, ముందు ఇంగ్లీషులో రికార్డు చేసిన గొంతు వినిపిస్తుంది. మా పిన్ని ఏదో ప్రకటన అనుకుని రెండుసార్లు కట్ చేసేసింది. ఈ రాత్రి ఫోన్ పక్కనే పెట్టుకుని పడుకోమని మీ అమ్మగారికి చెప్పండి.