పెంటయ్య, పుల్లయ్య: ఈ పేర్లు నీచార్థకాలా?

సందేహం: మా తాతగారి పేరు పెంటయ్య. బడిలో వంశవృక్షం రాసుకురమ్మంటే మా అబ్బాయి ఆ పేరు రాయడానికి సిగ్గుపడుతున్నాడు. అది ఏదో సంస్కృత నామానికి వికృత రూపమని, ఆ అసలు పేరే రాయవచ్చునని మా బంధువు ఒకరు అంటున్నారు. నిజమేనా? ఇలాంటి పేర్లు మనవాళ్లు మాత్రమే పెట్టుకున్నారా?
(ఒక పాఠకురాలు, అంబర్‌పేట, హైదరాబాదు)

సమాధానం: పెంటయ్య ఏ సంస్కృత నామానికీ వికృతి కాదు. పెంటకుప్ప, పెంటపోగు అనే మాటల్లో ఉన్న తెలుగు పదమే ఇందులోనూ ఉంది. దానికి గౌరవవాచకమైన ‘అయ్య’ చేరగా అత్వసంధి వల్ల పెంటయ్య అయింది, ఆడపిల్లకైతే పెంటమ్మ. నల్లమలలో చెంచుల ఆవాసాలను కూడా, అప్పాపూర్ పెంట అన్నట్లుగా, పెంటలనే అంటారు గాని, మైదాన గ్రామాల కుటుంబాలలో వినిపించే ఈ పేరుకు ఆ అర్థం పొసగదు.

పుట్టిన పిల్లలు పుట్టినట్లే పోతున్న ఇంట మళ్లీ ఒక బిడ్డ పుడితే, ఆ పసికందును పెంటకుప్ప మీద పొర్లించి, ఎవరో పారేసిన బిడ్డను తెచ్చుకున్నట్లుగా లోపలికి తెచ్చుకునేవారు. ఎవరికీ అక్కరలేని వస్తువు మీద మృత్యువు కన్ను పడదని వారి నమ్మకం. మశూచికి టీకా గాని, విరేచనాలకు మందు గాని అందని కాలంలో ఆ తల్లిదండ్రుల చేతిలో ఉన్న ఉపాయం పేరు ఒక్కటే. కాబట్టి ఇది బిడ్డను కించపరచడానికి పెట్టిన పేరు కాదు, దక్కించుకోవడానికి పెట్టిన పేరు.

ఎంగిలి విస్తరిని పుల్లాకు అంటారు. బిడ్డను అందులో పడుకోబెట్టి తీసిన ఆచారం నుంచి పుల్లయ్య, పుల్లమ్మ వచ్చాయి. ఉత్తరాంధ్రలో వినిపించే తవిటయ్య, తవిటమ్మ పేర్లకు మూలం, గుప్పెడు తవుడుకు బిడ్డను పొరుగువారికి అమ్మినట్లు చేసి తిరిగి తెచ్చుకోవడం. పిచ్చయ్యలో కూడా ఉన్మాదాన్ని వెదకడం కంటే, తమిళంలో భిక్ష అనే అర్థంలో ఉన్న ‘పిచ్చై’తో కలిపి చూడడమే సమంజసమని నా అభిప్రాయం. అయితే పైకి అల్పంగా కనిపించే ప్రతి పేరునూ ఈ కోవలో వేయరాదు. నూకరాజు బియ్యపు నూకల వల్ల వచ్చిన పేరు కాదు, నూకాలమ్మ దేవత పేరు మీద పెట్టినది.

ఈ ఆచారం మనకే పరిమితం కాదు. మరాఠీలో ధోండూ, దగడూ అంటే రాయి. చైనాలో పసివాణ్ణి ‘కుక్క తినగా మిగిలినది’ అనే అర్థం వచ్చే ముద్దుపేరుతో పిలిచి, బడికి వెళ్లే వయసులో వేరే మంచి పేరు పెట్టడం ఉండేది. మనవాళ్లు మాత్రం ఆ మొదటి పేరునే జీవితాంతం ఉంచారు. మంగోలియాలో నెర్‌గుయ్ అంటే ‘పేరు లేదు’, హున్‌బిష్ అంటే ‘మనిషి కాదు’. దుష్టశక్తులు దారి తప్పాలని ఈ పేర్లు. పశ్చిమాఫ్రికాలోని యొరుబా వారిలో, పుట్టి పుట్టి పోతున్నాడని భయపడిన బిడ్డకు ‘గొయ్యి తవ్వడానికి పార లేదు’ అనే అర్థంలో కొసోకో అని పెడతారు. 1845 నుంచి 1851 వరకు లాగోస్‌ను పాలించిన రాజు పేరు అదే. రోమనుల ఏలుబడిలోని ఈజిప్టులో గ్రీకు ‘కొప్రోస్’ (పేడ, పెంట) నుంచి కొప్రెవుస్, కొప్రియా అనే పేర్లు ఉండేవి. అవి అచ్చంగా మన పెంటయ్య, పెంటమ్మలే.

సంస్కృత మూలం చూపితేనే పేరుకు మర్యాద అన్న భావనను నేను అంగీకరించలేను. సంస్కృత వైదిక గ్రంథమైన ఐతరేయ బ్రాహ్మణంలోనే, అజీగర్తుడనే బ్రాహ్మణుని ముగ్గురు కొడుకులు శునఃపుచ్ఛుడు, శునఃశేపుడు, శునోలాంగూలుడు. మూడు పేర్లకూ అర్థం కుక్క తోకే. లేని వ్యుత్పత్తిని కల్పించి తాతగారి పేరు మార్చడం చరిత్రను చెరపడమే అవుతుంది. మీ అబ్బాయిని పెంటయ్య అనే రాయమనండి. కారణం కూడా చెప్పండి.

ఒక్క జాగ్రత్త అవసరం. తాత పేరు మనవడికి పెట్టే ఆచారం వల్ల ఇలాంటి పేర్లు తరాలు దాటి సాగుతాయి. ఈజిప్టులో కూడా కొప్రెవుస్ వంటివి వంశంలో దిగివచ్చాయి. అందువల్ల పెంటయ్య అన్న ప్రతి వ్యక్తికీ ముందు తోబుట్టువులు చనిపోయారని పేరును బట్టే నిర్ణయించలేము. మీ తాతగారికి ఆ పేరు పుట్టుకతో వచ్చిందా, వారి తాతగారి నుంచి వచ్చిందా అన్నది మీ ఇంటి పెద్దలే చెప్పాలి.