సొసైటీ ఉద్యోగి గ్రాట్యుటీ: ముందు పదిమంది లెక్క తేల్చండి

ప్రశ్న: మా ఊరి ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘంలో 1992 జూలైలో గుమాస్తాగా చేరి, 2024 మార్చి 31న రిటైరయ్యాను. ఆఖరి బేసిక్, డీఏ కలిపి రూ.26,000. సంఘం నష్టాల్లో ఉందని, గ్రాట్యుటీ రెండు లక్షలు దాటకూడదని పాత తీర్మానం ఉందని త్రిసభ్య కమిటీ అంటోంది. ఆ రెండు లక్షలూ ఇవ్వలేదు. సెలవు పెట్టకుండా సంఘం కోసం కష్టపడ్డాను. జిల్లా సహకార అధికారికి మొరపెట్టుకున్నా ఫలితం లేదు. లోన్ లెడ్జర్లు, క్యాష్ బుక్ నా దగ్గరే ఉన్నాయి. డబ్బు చేతికొచ్చేదాకా అప్పగించొద్దని తోటివాళ్లు చెబుతున్నారు. ఏం చేయమంటారు? (ఆంధ్రప్రదేశ్ పాఠకుడు)

జవాబు: మీ కేసును తేల్చే సంగతి ఒక్కటే, అది మీరు రాయలేదు. మీ సంఘంలో జీతం తీసుకునేవాళ్లు ఎంతమంది? 1972 గ్రాట్యుటీ చెల్లింపు చట్టం పదిమంది లేదా అంతకంటే ఎక్కువమంది పనిచేసిన సంస్థకే వర్తిస్తుంది. చాలా సంఘాల్లో నలుగురైదుగురే ఉంటారు. కార్మిక శాఖ దగ్గర కేసులు ఓడిపోయేది ఇక్కడే. అయితే ఒకసారి పదిమంది అయి చట్టం వర్తించిందంటే, తర్వాత సంఖ్య తగ్గినా వర్తిస్తూనే ఉంటుంది. ఎరువుల గోదాము వాచ్‌మన్, రేషన్ దుకాణం సేల్స్‌మన్, తాత్కాలిక అటెండరు, సంఘం జీతం ఇచ్చిన ప్రతివాళ్లనీ లెక్కపెట్టండి. రైతుల దగ్గర కూలి తీసుకునే హమాలీలను కలపకండి.

నోటిమాట చాలదు. పాత ఆడిట్ రిపోర్టులు, జీతాల రిజిస్టరు, హాజరు పట్టీ నకళ్లు కావాలి. సంఘం ఇవ్వనంటే జిల్లా సహకార అధికారి కార్యాలయానికి సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. ఆడిట్ రిపోర్టులు అక్కడికీ వెళతాయి.

పదిమంది తేలితే మిగతా వాదనలు నిలబడవు. ఆరు నెలలు దాటిన సంవత్సరం పూర్తి సంవత్సరమే కాబట్టి మీ సర్వీసు 32 ఏళ్లు. 26,000ను 26తో భాగించి, 15తో, 32తో గుణిస్తే రూ.4,80,000. చట్టం ఇచ్చేదాన్ని తీర్మానంతో తగ్గించడం కుదరదు. నష్టాలున్నాయన్నది కారణం కాదు. ఆలస్యానికి పది శాతం సాధారణ వడ్డీ కూడా అడగండి. 2025 నవంబరు 21 నుంచి సామాజిక భద్రత కోడ్ వచ్చినా, మీరు అంతకుముందే రిటైరయ్యారు గనుక మీ హక్కు పాత చట్టం కిందిదే.

ఇంతకాలం మాటలతో గడిపేసి ఒక్క రాతపూర్వక దరఖాస్తైనా పెట్టకపోతే అది మీ అజాగ్రత్తే. ఫారం ‘ఐ’ నింపి, బట్వాడా రుజువు దొరికేలా స్పీడ్ పోస్టులో పంపండి, నకలు దాచండి. సంఘం 15 రోజుల్లో ఒప్పుకుంటూ ఫారం ‘ఎల్’ గానీ, కారణం చెప్పి తిరస్కరిస్తూ ఫారం ‘ఎమ్’ గానీ ఇవ్వాలి. తిరస్కరించినా, జవాబే ఇవ్వకపోయినా 90 రోజుల్లో కార్మిక శాఖ సహాయ కమిషనర్ వద్ద ఫారం ‘ఎన్’ వేయాలి. గడువు దాటి ఉంటే కారణం చూపుతూ, ఆలస్యాన్ని మన్నించమని కోరే పిటిషన్ జతచేయండి. సరైన కారణముంటే అంగీకరిస్తారు.

లెడ్జర్ల సంగతి. వాటిని ఒక్క రోజు కూడా ఇంట్లో ఉంచొద్దు! నమ్మకద్రోహం కేసుకు మీరే సాక్ష్యం పోగుచేసిస్తున్నారు. రేపు లెక్కల్లో ఏ తేడా వచ్చినా సహకార చట్టం 60వ సెక్షన్ కింద మీమీద సర్‌చార్జికి, అంటే ఆ నష్టాన్ని మీ నుంచే రాబట్టడానికి దిగుతారు. ప్రతి పుస్తకం పేరు, పేజీల సంఖ్య జాబితా రాసి, అప్పగించి, సంతకం, సీలుతో రసీదు తీసుకోండి.

పదిమంది తేలకపోతే దారి వేరు. అప్పుడు మీ హక్కు బైలాలు, సర్వీసు నిబంధనలు, కమిటీ తీర్మానాల నుంచే రావాలి. గ్రాట్యుటీకి ఎల్ఐసీ గ్రూపు పాలసీ ఏదైనా కట్టారేమో కనుక్కోండి. బైలాలు, నిబంధనల ప్రకారం రావాల్సిన గ్రాట్యుటీకి సివిల్ దావా గడువు మూడేళ్లు, అంటే 2027 మార్చి దాటనివ్వకండి. సహకార అధికారికి పెట్టిన అర్జీ ఆ గడువును ఆపదు. సంఘం బాకీని ఒప్పుకుంటూ గడువులోపు సంతకంతో రాసిస్తే మాత్రం కొత్త మూడేళ్లు మొదలవుతాయి. సర్వీసు షరతుల తగాదా సంఘం ‘వ్యాపారానికి’ సంబంధించిన వివాదం కాదని 1969లోనే మన రాష్ట్రపు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే సంఘం వివాదాలను సహకార శాఖ ముందు పెట్టే 61వ సెక్షన్ పిటిషన్‌తో కాలం పోగొట్టుకోకండి.

వాడుకోని సెలవుల జీతాన్ని గ్రాట్యుటీ దరఖాస్తులో కలపకండి, కార్మిక శాఖ సహాయ కమిషనర్ దాన్ని తేల్చలేరు. నిబంధనల్లో అలాంటి చెల్లింపు ఉందో లేదో చూసి, సెలవుల రిజిస్టరు నకలుతో సంఘానికి విడిగా నోటీసు ఇవ్వండి.