థియరీ పుస్తకాల కంటే ముందు నవల తెరవండి

ప్రశ్న: ఎంఏ ఇంగ్లిష్ రెండో సంవత్సరం చదువుతున్నాను. డిగ్రీ వరకు తెలుగు మీడియమే. ప్రాజెక్టులో షార్లెట్ బ్రాంటే రాసిన ‘జేన్ ఎయిర్’ నవలకు ఆధునిక సాహిత్య సిద్ధాంతాలను అన్వయించమన్నారు. థియరీ పుస్తకాలు తెరిస్తే ఒక్క ముక్క అర్థం కావడం లేదు, టెన్షన్‌గా ఉంది. ఈ కష్టం నెట్ పరీక్షకి, పీహెచ్‌డీకి పనికొస్తుందా?

జవాబు: తప్పకుండా పనికొస్తుంది. యూజీసీ నెట్ ఇంగ్లిష్ సిలబస్‌లోని 10 యూనిట్లలో సాహిత్య విమర్శ ఒకటి, రెండో ప్రపంచ యుద్ధం తర్వాతి థియరీ ఒకటి, కల్చరల్ స్టడీస్ ఇంకొకటి. పీహెచ్‌డీ ప్రవేశాలకు కూడా ఇప్పుడు నెట్ స్కోరు చూస్తున్నారు.

మీ ఇబ్బంది తెలుగు మీడియం వల్ల వచ్చింది కాదు, మొదలుపెట్టిన చోటు వల్ల వచ్చింది. థియరీ పుస్తకాలు కొన్నాళ్లు పక్కన పెట్టి నవల పూర్తిగా చదవండి. గైడులోని సారాంశంతో సరిపెట్టుకోవద్దు. ఫెమినిజం నిర్వచనాలతో సగం పేజీలు నింపి, చివరికి ‘జేన్ స్వతంత్ర భావాలున్న స్త్రీ’ అని తేల్చేసే ప్రాజెక్టులు చాలానే వస్తుంటాయి. వాటిలో అటు నవలా ఉండదు, ఇటు థియరీ ఉండదు.

26వ అధ్యాయం తీయండి. జేన్‌తో పెళ్లి ఆగిపోయాక, ఆమె పనిచేసే ఇంటి యజమాని రాచెస్టర్ అందరినీ పై అంతస్తుకు తీసుకెళ్లి, అక్కడ బంధించి ఉంచిన మొదటి భార్య బెర్తాను చూపిస్తాడు. మనిషో మృగమో ఒక్క చూపులో పోల్చుకోలేని ఆకారం నాలుగు కాళ్ల మీద పాకుతున్నట్టు జేన్ వర్ణిస్తుంది. అప్పటి బ్రిటిష్ వలస రాజ్యం జమైకాలో పెళ్లి, 30,000 పౌండ్ల కట్నం, పిచ్చి, ఇదంతా తర్వాతి అధ్యాయంలో రాచెస్టరే చెబుతాడు. బెర్తా తన గోడు చెప్పుకునే చోటు నవల మొత్తంలో లేదు. ఆమె కథ ఆమె నోట ఎందుకు రాలేదని మీకు అనిపించిందా? మీ ప్రాజెక్టు అక్కడే మొదలవుతుంది.

ఆ ప్రశ్న పట్టుకుని విమర్శకుల దగ్గరికి వెళ్లండి. జేన్ లోలోపల అణచుకున్న కోపమే బెర్తా రూపంలో బయటికొచ్చిందని 1979లో శాండ్రా గిల్బర్ట్, సుసాన్ గూబర్ రాశారు. పెళ్లికి రెండు రాత్రుల ముందు జేన్ పెళ్లి ముసుగు చింపేది బెర్తాయే, కానీ ఆ పెళ్లంటే గుబులు జేన్‌ది. 1985లో గాయత్రి చక్రవర్తి స్పివాక్ ఒక వ్యాసంలో వేరే వైపు నుంచి చూశారు. బెర్తా ఇంటికి నిప్పుపెట్టి ప్రాణం తీసుకుంటేనే జేన్ కథానాయికగా నిలబడుతుంది, అంటే ఇంగ్లండు స్త్రీ ఎదగడానికి వలస రాజ్యపు స్త్రీ బలైందన్నది ఆమె వాదన. జమైకాను వదిలేసి జేన్ స్వేచ్ఛ గురించి మాట్లాడలేమనిపిస్తుంది కాబట్టి నేను స్పివాక్ వైపే మొగ్గుతాను. మీరు ఒప్పుకోనక్కర్లేదు. కానీ ఎవరి వైపు ఉన్నా ఏ పేజీ ఆధారంగా అంటున్నారో చూపించాలి.

డబ్బు సంగతి ఎక్కువమంది పట్టించుకోరు. జేన్‌కు 20,000 పౌండ్లు వదిలి వెళ్లిన తండ్రి సోదరుడు అట్లాంటిక్ సముద్రంలోని మదీరా దీవిలో వ్యాపారి. జమైకాలోని బెర్తా సోదరుడి కంపెనీతో ఆయనకు లావాదేవీలున్నాయి. అంటే జేన్‌కు దక్కిన స్వేచ్ఛ వెనకున్న డబ్బు ఎక్కడిది? డబ్బు, వర్గాల కోణంలో చూసే మార్క్సిస్టు విమర్శకూ, వలస పాలన కోణంలో చూసే పోస్ట్ కలోనియల్ విమర్శకూ రెండింటికీ పనికొచ్చే ప్రశ్న ఇది. మీ ప్రాజెక్టుకు ఇదే తీసుకోమంటాను.

నవలలోంచి మూడు నాలుగు పేరాలు ఎంచుకుని, మీకు తోచింది ముందు తెలుగులోనే రాసుకోండి. తర్వాత స్పివాక్ వ్యాసంలో ‘జేన్ ఎయిర్’ గురించిన భాగం వరకే చదవండి. ఆమె ఇంగ్లిష్ కష్టంగానే ఉంటుంది, రెండు మూడుసార్లు చదవాల్సి రావడం మామూలే. పీహెచ్‌డీ ఇంటర్వ్యూలో ‘ఈ నవలకు ఈ థియరీ ఎందుకు?’ అని అడిగితే, ఆ పేరాలే మీ జవాబు. నెట్ కోసం మాత్రం విమర్శకుల పేర్లు, రచనలు, సంవత్సరాలు విడిగా ఒక పట్టికలో రాసుకోండి. కాలక్రమం, జతపరచడం ప్రశ్నలకు అవి కావాల్సిందే.