మూకీల్లో పెళ్లిగోల

ప్రశ్న: పాత ఫ్రెంచి మూకీల్లో పొట్టి సినిమాలు కొన్ని చూశాను. ప్రేమ ఒక్క నిమిషంలో తేలిపోతుంది, ఆ తర్వాత అంతా పరుగులూ మొగుడూ పెళ్లాల గొడవలే. ప్రేమించుకోవడం చూపించడం వాళ్లకి చేతకాదా?

జవాబు: చేతకాక కాదండీ, టైమ్ లేక. 1905 ప్రాంతంలో సినిమా అంటే మహా అయితే ఏ ఐదు పది నిమిషాలో, మాటల్లేవు, మొహాన్ని దగ్గరగా చూపించడమూ తక్కువే, ఇక చూపులు కలిసి మనసులు తడబడే వ్యవహారం ఎక్కడ కుదురుతుంది? పరుగుకైతే మాటలక్కర్లేదు. ఆ ఏడాదే పాథే కంపెనీ తీసినదాంట్లో ఒకడు పెళ్లికూతురు కావాలని పేపర్లో ప్రకటన ఇస్తాడు, ఒక్కరికి బదులు పదిమంది దిగుతారు, వాడు ముందు, వీళ్లంతా పావడాలు ఎత్తిపట్టుకుని వెనకాల. తమాషా ఏంటంటే ఇది 1904 నాటి అమెరికన్ సినిమాకి కాపీ, అందులో పెళ్లికొడుకేమో ఫ్రెంచివాడు!

ఇంకో సంగతి, అప్పట్లో ఫ్రాన్సులో పెళ్లి ఇద్దరి ఇష్టంతో అయిపోయేది కాదు. 1907లో చట్టం మార్చేదాకా మగవాడికి 25, ఆడపిల్లకి 21 ఏళ్లు నిండకపోతే పెద్దల అనుమతి ఉండి తీరాల్సిందే, పైగా కట్నం లెక్కలు. విడాకులు మళ్లీ చట్టంలోకి వచ్చిందే 1884లో. అప్పటి ఫ్రెంచి హాస్యనటుడు మాక్స్ లిండర్ సినిమాల్లో మామగార్లూ అత్తగార్లూ అంతగా అడ్డం పడటం ఊరికే కాదు. ఒకదాంట్లో భార్య అలిగి పుట్టింటికి పోతే, ఆ సూటూబూటూ దొరగారు వంటకీ అంట్లకీ పడే అవస్థ చూడాలి.

నన్నడిగితే వీటన్నిటికంటే గట్టిది దర్శకురాలు ఆలిస్ గీ 1906లో గోమోఁ కంపెనీకి తీసిన 'ఫెమినిజం ఫలితాలు'. అందులో మగవాళ్లు కుట్టుపని చేస్తూ, ఇస్త్రీ పెడుతూ ఉంటారు, ఆడవాళ్లు కేఫేలో కూర్చుని తాగుతుంటారు. బెంచీ మీద ఓ కుర్రాడి పక్కన ఒకావిడ చేరి మీద మీద పడుతుంటే వాడు సిగ్గుతో ముడుచుకుపోతాడు. జనం నవ్వడానికి తీసిందే, కానీ రోజూ ఆడపిల్లల వెంటపడే తీరునే మగాడి మీద తిప్పికొట్టేసరికి అది ఎంత వెకిలిగా ఉంటుందో కనపడిపోతుంది. చివర్లో మగవాళ్లు తిరగబడి కేఫేని మళ్లీ స్వాధీనం చేసుకుంటారు, అదేమో నాకు గెలుపులా అనిపించలేదు. ఆవిడ కూడా అలా అనుకుని తీసి ఉండదనే నా అనుమానం.