డెత్ వ్యాలీ డే టూర్‌లో మధ్యాహ్నానికే తలనొప్పి: సమాధానం

లాస్ వేగస్ నుంచి వ్యాన్ టూర్‌లో డెత్ వ్యాలీకి (అమెరికాలోని కాలిఫోర్నియాలో ఎడారి లోయ, నేషనల్ పార్కు) వెళ్లినప్పుడు, నీళ్లు బాగానే తాగినా మీ అమ్మగారికి మధ్యాహ్నానికి తలపోటు, వికారం వచ్చాయన్నారు. ఉత్త నీళ్లే తాగడం ఒక కారణం కావచ్చండీ. అక్కడి పొడిగాలికి చెమట పట్టినట్టే తెలియదు, చర్మం మీదే ఆరిపోతుంది. దాంతోపాటు ఉప్పూ పోతుంది. రోజుకు మనిషికి నాలుగు లీటర్లు పెట్టుకోండి, గంటకోసారి కొంచెం కొంచెంగా తాగించండి. ఆగిన ప్రతిచోటా ఉప్పటి చిరుతిండి ఏదైనా తినిపించండి. బీపీ మందులు వాడుతుంటే ఉప్పు, ఓఆర్‌ఎస్ సంగతి ముందే డాక్టర్ని అడగాలి.

రెండోది, వెలుగు. లోయ అడుగున ఉండే బ్యాడ్‌వాటర్ అనే చోట తెల్లటి ఉప్పునేల ఎండను కిందనుంచి కళ్లలోకి కొడుతుంది, టోపీ ఆపలేదు. పక్కలు కూడా మూసే చలవ కళ్లద్దాలు కావాలి.

వికారం మలుపుల వల్ల కూడా రావచ్చు. బ్యాడ్‌వాటర్ సముద్రమట్టానికి 86 మీటర్లు దిగువన, కొండ మీద నుంచి లోయను చూసే చోటు డాంటేస్ వ్యూ 1,600 మీటర్లకు పైన, అంత ఎత్తుకు రోడ్డు మలుపులు తిరుగుతూ ఎక్కుతుంది. ముందు సీటు బుకింగప్పుడే అడగండి, వ్యాన్ ఎక్కాక అడిగితే దొరకదు. పైన చలిగాలి, పల్చటి జాకెట్ ఉంచండి.

వేసవిలోనైతే పది దాటాక లోయలో నడక వద్దు. మాట తడబడినా, వాంతులు ఆగకపోయినా వెంటనే గైడుకి చెప్పండి. పార్కులో చాలాచోట్ల ఫోన్ సిగ్నల్ ఉండదు.