కలంచో మొగ్గ వేయట్లేదా? ఒకసారి రాత్రిపూట వెళ్లి చూడండి

ప్రశ్న: షేడ్‌నెట్ కింద 2,000 కుండీల్లో కలంచో పెంచుతున్నాం. నిరుడు ఈపాటికి పూలు విచ్చాయి. ఈ ఏడు మొక్కలు గుబురుగా, పచ్చగా ఉన్నాయి గానీ మొగ్గ లేదు. నీళ్ల ట్యాంకు వెనక ఉన్న రెండు వరసలు మాత్రం మొగ్గ వేశాయి. బోరాన్ లోపమని మందుల షాపులో చెప్పారు. నెలలో నాలుగుసార్లు బోరాన్, పూత టానిక్, ముందు జాగ్రత్తగా ప్రొఫెనోఫాస్ పురుగుమందు, జిగురు మందు అన్నీ కలిపి కొట్టాం. ఇప్పుడు కింది ఆకుల అంచులు మాడుతున్నాయి, ముట్టుకుంటే రాలిపోతున్నాయి. ఇది ఆకుమచ్చ తెగులా? ఏ మందు కొట్టాలి? తుంచి పారేసిన కొనలు తిన్న రెండు మేకలు నిన్నటి నుంచి పారుకుంటున్నాయి, నట్టల మందు తాగించాం. – ఒక నర్సరీ రైతు

జవాబు: మొక్కలు ఆగుతాయి, ముందు మేకల సంగతి చూడండి. మీరు ఆఖరి వాక్యంలో రాసిందే అన్నిటికంటే తొందరైనది. అవి నట్టలు కావు. కలంచోలో గుండెను దెబ్బతీసే విషాలు (బుఫాడయెనోలైడ్లు) ఉంటాయి. ఆకు కంటే పూలలో ఎక్కువ. పారుడు, చొంగ, నీరసం, గుండె లయ తప్పడం, చివరికి కుప్పకూలడం దీని వరస. దానికి తోడు మీ కొనల మీద ప్రొఫెనోఫాస్ కూడా ఉంది. దానివల్లా చొంగ, పారుడు వస్తాయి. అంటే రెండు విషాలు ఒకేసారి లోపలికి పోయి ఉండొచ్చు. ఈ జవాబు చదవడం ఆపి పశువైద్యుణ్ని పిలవండి. ఆయనకు రెండు మాటలూ చెప్పండి: కలంచో తిన్నాయి, దాని మీద ఫలానా మందు కొట్టాం. మందు సీసా కూడా చూపించండి.

ఆయన వచ్చేదాకా మేకల్ని తరమకండి, నడిపించకండి. నీడలో కట్టి నీళ్లు పెట్టండి. ఆ గుండెకు పరుగే ప్రాణాంతకం కావచ్చు. పడిపోయిన పశువుకు అలవాటుగా కాల్షియం ఎక్కించేవాళ్లుంటారు. ఈ విషం తిన్న పశువుకు అది ప్రమాదం. విషాన్ని పీల్చే యాక్టివేటెడ్ చార్‌కోల్‌ను కిలో బరువుకు 1 నుంచి 5 గ్రాముల లెక్కన డాక్టరే తాగిస్తారు. వంటింటి బొగ్గు నూరి పోయకండి. ఒకవేళ మేక చనిపోతే కుక్కలకు వేయకండి, లోతుగా పూడ్చండి. దక్షిణాఫ్రికాలో ఇదే కుటుంబపు మొక్కలు తిని గొర్రెలు, మేకలు చచ్చే జబ్బు ఒకటి ఉంది. ఆ మాంసం తిన్న కుక్కలకూ విషం ఎక్కుతుంది. ఇకమీద తుంచిన కొనలు కుప్ప వేసి వదిలేయవద్దు, పూడ్చేయండి.

ఇక కుండీల సంగతి.

మీ మొక్కకు బోరాన్ లోపం లేదు. బోరాన్ నిజంగా తక్కువైతే కొత్త చిగురు ముడుచుకుని మొద్దుబారుతుంది. మీరు పంపిన ఫొటోలో చిగురు నిగనిగలాడుతోంది. జబ్బంతా ముదురాకుల అంచుల్లో ఉంది. అది బోరాన్ ఎక్కువైన గుర్తు. ఈ పోషకానికి చాలినంతకీ ఎక్కువైనదానికీ మధ్య తేడా చాలా కొద్ది. నెలలో నాలుగుసార్లు అంటే మీరు మందు కాదు, విషం పోశారు. మచ్చ తెగులైతే మచ్చ ఆకు మధ్యలోనూ ఎక్కడ పడితే అక్కడ లేస్తుంది, ఇలా అంచు వెంట గీత గీసినట్టు మాడదు. కాబట్టి తెగులు మందు కూడా వద్దు.

మరి మొగ్గ ఎందుకు రాలేదు? జవాబు మీ రెండో ఫొటోలోనే ఉంది. షేడ్‌నెట్ మూలన స్తంభం, దాని మీద ఫోకస్ లైటు. దొంగల భయంతో ఈ ఏడే పెట్టించి ఉంటారని నా అనుమానం. ట్యాంకు వెనక రెండు వరసలకు ప్రత్యేకంగా ఎవరూ ఎరువు వేయలేదు. వాటి మీద ట్యాంకు నీడ పడింది, అంతే.

కలంచో పొడుగు రాత్రి మొక్క. చీకటి ఎన్ని గంటలుందో ఆకు కొలుస్తుంది. రాత్రి చాలినంత పొడుగైతేనే కొనకు పూత కబురు వెళుతుంది. ఒకే ఆకును చీకట్లో ఉంచి చూసిన పాత ప్రయోగాలున్నాయి: ఆ ఆకు ఉన్న వైపే పూలు వచ్చాయి. నడిరాత్రి కొద్ది నిమిషాలు వెలుగు పడినా దాని లెక్క తప్పుతుంది, ఒక పొడుగు రాత్రిని రెండు పొట్టి రాత్రులుగా అనుకుంటుంది. మీ లైటు తెల్లవార్లూ వెలుగుతోంది. ఇంత వెలుగులో మొక్కకు ఆకులు పెంచుకోవడం తప్ప వేరే పని లేదు. గుబురుగా, పచ్చగా ఉన్నాయని రాశారే, అదే రుజువు.

ఈ రాత్రే వెళ్లి కుండీల మధ్య నిలబడండి. నేల మీద మీ నీడ స్పష్టంగా పడితే ఆ వెలుగు ఎక్కువే. వెన్నెలకు భయపడక్కర్లేదు. ఎర్ర బల్బు పెడితే ఫర్వాలేదనుకోకండి, మొక్క లెక్కను చెడగొట్టడంలో ఎరుపే ముందుంటుంది. లైటు తీసేయలేకపోతే దాని ముఖం బయటి దారివైపు తిప్పి, వెనక రేకు డొప్ప బిగించండి.

లైటు ఆరిపోతే పొడుగు రాత్రుల కాలంలో కొన్ని కుండీలు వాటంతటవే మొగ్గ వేస్తాయి. అన్నీ ఒకేసారి రావాలంటే నల్ల గుడ్డ కప్పాలి. సాయంత్రం 6 గంటలకు కప్పి ఉదయం 8కి తీయండి. 14 గంటల చీకటి, వరసగా 42 రోజులు. పెళ్లికో ఊరికో వెళ్లి మధ్యలో నాలుగు రాత్రులు ఎగ్గొడితే లెక్క మళ్లీ మొదటికొస్తుందనుకోండి. వెలుగు దూరని దట్టమైన గుడ్డ వాడండి, ప్లాస్టిక్ వద్దు. దాని కింద ఉడికిపోయి వేడి 27 డిగ్రీలు దాటితే పూత ఆలస్యమవుతుంది. గుడ్డ కప్పడం మొదలుపెట్టాక కొనలు తుంచకండి. నాలుగైదు వారాలకు మొగ్గ కంటికి కనబడుతుంది, రకాన్ని బట్టి 10 నుంచి 12 వారాలకు పూలు విచ్చుతాయి.

మాడిన కుండీలను ఒక్కసారి కడగాలి. ఉదయంపూట 4 అంగుళాల కుండీకి లీటరు మంచినీళ్లు, పావుగంట తేడాతో రెండు విడతలుగా పోయండి. అడుగు నుంచి ధారగా కారిపోవాలి, కింద ట్రే ఉంటే తీసేయండి. ఆ తర్వాత పై మట్టి వేలి రెండు కణుపుల లోతు ఆరేదాకా చుక్క పోయకండి. ఈ కుటుంబం మొక్కలు ఎండకు చచ్చేదానికంటే తడికి కుళ్లి చచ్చేవే ఎక్కువ. పది రోజులాగి 13:0:45 (పొటాషియం నైట్రేట్ ఎరువు) లీటరుకు 1 గ్రాము కలిపి, పది రోజులకోసారి వేరుకే పోయండి, ఆకు మీద వద్దు. రంగు కనబడ్డాక సగానికి తగ్గించండి.

ఆకు మీద ఎందుకు వద్దంటున్నానో వినండి. రణపాల, జేడ్, సెడమ్, మీ కలంచో అన్నీ ఒకే కుటుంబం. చాలా పైర్లు పగలు గాలి పీలిస్తే ఇవి రాత్రి పీలుస్తాయి. పగలు రంధ్రాలు మూసుకుని, రాత్రి దాచుకున్న ఆమ్లాన్ని ఖర్చు చేసుకుంటాయి. మద్రాసు ప్రాంతంలో పనిచేసిన వృక్షశాస్త్రజ్ఞుడు బెంజమిన్ హేన్ రణపాల ఆకు కొరికి చూసి, పొద్దున పుల్లగా, మధ్యాహ్నానికి చప్పగా, సాయంత్రానికి కాస్త చేదుగా ఉందని రాశాడు. అది 1815లో అచ్చయింది. (మీరు కొరకకండి. మీ ఆకుల మీద ప్రొఫెనోఫాస్ ఉంది.) అలాంటి ఆకు మీద, పైన మైనం పూత కూడా ఉండగా, పొద్దున పది గంటల ఎండలో కొట్టిన టానిక్ లోపలికి ఎంత పోతుంది? ఫొటోను పెద్దది చేసి చూడండి. ఆకు అంచు నొక్కుల్లో చుక్క నిలిచి ఆరిన తెల్లటి మరక ఉంది, దాని చుట్టూనే మాడింది.

ఒక్క పురుగు కూడా కనబడకుండా ముందు జాగ్రత్తకు ప్రొఫెనోఫాస్ కొట్టించినవాళ్లను ఏమనాలో నాకు తెలియదు. ఈ జాతి ఆకులకు ఇలాంటి మందులు, సబ్బు నీళ్లు, నూనెలు అంతగా పడవు. ఆకులు రాలడంలో దాని వాటా కూడా ఉంది. నాలుగు సీసాలు ఒకే ట్యాంకులో కలిపితే ఏది కాల్చిందో నేనూ చెప్పలేను, అమ్మినవాళ్లూ చెప్పలేరు. పిండినల్లి కనబడితే తడి దూదితో తుడవండి, అంటిన కుండీని వేరే చోట పెట్టండి. ఇక ఏదైనా కొట్టక తప్పదనిపిస్తే ముందు పది కుండీల మీద కొట్టి వారం చూడండి.

ట్యాంకు వెనక రెండు వరసలను మాత్రం కదపకండి. లైటు సంగతి తేలేదాకా వాటికీ మిగతావాటికీ ఒకే నీరు, ఒకే ఎరువు ఇవ్వండి. మేకలెలా ఉన్నాయో మాత్రం రేపే రాయండి.