యెరికో తేదీ రెండు రకాలుగా ఎందుకుందంటే

సండే స్కూల్ పాఠానికి బైబిల్లోని పురాతన నగరం యెరికో గోడలు ఎప్పుడు కూలాయో వెతికితే ఒకచోట క్రీ.పూ. 1400, ఇంకోచోట 1550 అని ఉందన్నారు కదండీ, టెన్షన్ పడకండి, అచ్చుతప్పేం కాదు. మొదటిది 1930ల్లో ఆ నగరపు దిబ్బను తవ్విన పురావస్తు శాస్త్రవేత్త జాన్ గార్‌స్టాంగ్ లెక్క. తర్వాత 1952 నుంచి 1958 దాకా మరో పురావస్తు శాస్త్రవేత్త కాథ్లీన్ కెన్యన్ అదే దిబ్బలో లోతుగా కందకాలు తీసి, మట్టిని పొర పొరగా విడదీసి చూస్తే, గార్‌స్టాంగ్ యెహోషువ (బైబిల్ ప్రకారం యెరికోను జయించిన నాయకుడు) కాలానివన్న గోడలు ఆ కాలం కంటే దాదాపు వెయ్యేళ్లు పాతవని తేలింది. నగరం కాలిపోయింది 1550 ప్రాంతంలో అంటారామె, నగరం 1400 దాకా ఉండి ఉంటే కనిపించాల్సిన, సైప్రస్ నుంచి వచ్చే రంగుల కుండల పెంకులు ఆ పొరలో దొరక్కపోవడం ఒక ఆధారం. కాలిన ధాన్యం మీద 1990ల్లో చేసిన, వయసు తేల్చే కార్బన్ పరీక్షలూ ఆమె వైపే మొగ్గాయి. నేనైతే 1550కే ఓటేస్తా, మీరు మాత్రం రెండూ చెప్పి ఏది ఎవరి లెక్కో రాసేయండి. పిల్లలకు అక్కడి రాతి బురుజు ఫొటో చూపించండి, ఎనిమిదిన్నర మీటర్ల ఎత్తు, లోపల మెట్లు, వయసేమో దాదాపు పదివేల ఏళ్లు!